హుస్నాబాద్ నుంచి పెన్‌గంగ దాకా: మంచు విడిచిన నేల

హుస్నాబాద్‌లో మంచు మాట ఎత్తితే ఐస్‌గోలా బండి ఎటున్నదో చూపిస్తారు. ఎండాకాలం పొద్దుగూకి చాలాసేపయినా గుట్టరాళ్ళు సెగ కక్కుతూనే ఉండే ఊరు ఇది. 2016 అక్టోబరు దాకా కరీంనగర్ జిల్లాలో ఉండేది, ఇప్పుడు సిద్దిపేట జిల్లా. అసెంబ్లీ నియోజకవర్గమైతే మూడు జిల్లాల పాలైంది. చిగురుమామిడి, సైదాపూర్ మండలాలు కరీంనగర్‌లోనే మిగిలాయి. భీమదేవరపల్లి, ఎల్కతుర్తి హన్మకొండ వైపు పోయాయి. సంక్రాంతికి కొత్తకొండ వీరభద్రస్వామి జాతరకు బయలుదేరితే ఇప్పుడు జిల్లా దాటాలి. జనం దీన్ని పెద్దగా పట్టించుకున్నట్టు లేదు. మీది ఏ జిల్లా అంటే "కరీంనగర్ సైడే" అనేవాళ్ళు ఇంకా చాలామందే ఉన్నారు.

ఊరి చుట్టూ గుట్టలే. ఈ రాయి దాదాపు 250 కోట్ల ఏళ్ళ కిందటిది. భూమి మీద చెట్టూ చేపా ఏదీ లేని కాలంలో గట్టిపడ్డ గ్రానైట్. కరీంనగర్ చుట్టుపక్కల క్వారీల్లో దీన్నే దిమ్మెలుగా కోసి, టాన్ బ్రౌన్ వంటి పేర్లతో విదేశాలకు పంపుతారు. రాయి ఎంత గట్టిదో, నీటి విషయంలో అంత పిసినారి. వానపడితే నీరు లోపలికి ఇంకేది తక్కువ, ఒర్రెల్లో పడి మోయతుమ్మెద వాగులోకి, అక్కడి నుంచి మానేరులోకి జారిపోయేది ఎక్కువ. కింద పగులు తగిలితే బోరులో నీళ్ళు, తగలకపోతే దుమ్ము. అందుకే ఇది మెట్ట ప్రాంతం, చెరువుల ప్రాంతం. ఊరి చెరువుకు ఎల్లమ్మ పేరు. గుట్టల నడుమ గండి పూడ్చి నీరు నిలిపిన చోటికి ఏకంగా మహాసముద్రం అనే పేరు పెట్టుకున్నారు. నీటికి మొహం వాచిన వాళ్ళే అంత పెద్ద పేరు పెడతారు. ఈ గుట్టలు నీటిని దాచలేకపోయినా మనుషులను దాచాయి. తెలంగాణ సాయుధ పోరాట కాలంలో దళాలకు ఇవే తావు. 1948 మార్చి 14న దళ నాయకుడు అనభేరి ప్రభాకరరావు తన సహచరులతో కలిసి నేలకొరిగింది ఇక్కడి మహ్మదాపూర్ గుట్టల్లోనే.

మెట్ట కష్టం తీరుస్తామని మొదలుపెట్టిన పని గౌరవెల్లి జలాశయం. మొదట 1.41 టీఎంసీలు అనుకున్నారు, తర్వాత దాన్ని 8.23 టీఎంసీలకు పెంచారు. సామర్థ్యంతో పాటు ముంపూ పెరిగింది. గుడాటిపల్లి వంటి ఊరు ఇల్లూ వాకిలీ వదులుకోవాల్సి వచ్చింది, పరిహారం కోసం ఏళ్ళ తరబడి కొట్లాడాల్సి వచ్చింది. ఆ కథ విడిగా రాయదగ్గది. ఇక్కడ చెప్పాల్సింది ఒక్క సంగతే. ఈ నీళ్ళు వాటంతటవి రావు. మిడ్ మానేరు వైపు నుంచి వచ్చే నీటిని మోటార్లతో ఈ ఎత్తుకు తోడాలి. మోటార్లకు కరెంటు కావాలి. గ్రిడ్‌లో ఏ యూనిట్ ఎక్కడ పుట్టిందో విడదీసి చెప్పలేం గానీ, తెలంగాణ కరెంటులో పెద్ద భాగం బొగ్గుదే. ఆ బొగ్గు సంగతి తెలుసుకోవాలంటే హుస్నాబాద్ గ్రానైట్ దిగి ఈశాన్యానికి పోవాలి.

కరీంనగర్, పెద్దపల్లి దాటి గోదావరి వైపు వెళ్తుంటే నేల తీరే మారిపోతుంది. గుండ్రటి గుట్టలు వెనకబడతాయి. బసంత్‌నగర్ దగ్గర సిమెంటుకు పనికొచ్చే సున్నపురాయి, ఆ పైన ఇసుకరాయి. గోదావరిఖనికి చేరేసరికి నల్లటి దుమ్ము, ఎన్టీపీసీ పొగగొట్టాలు. రామగుండం నుంచి మంచిర్యాల, మందమర్రి, బెల్లంపల్లి మీదుగా ఆసిఫాబాద్ దాకా ఇదే బొగ్గు పట్టీ. హుస్నాబాద్ చుట్టుపక్కల పల్లెల నుంచి ఒక తరం బొంబాయికీ దుబాయికీ పోతే, ఇంకొందరు ఈ బొగ్గుబాయిల బాట పట్టారు.

ఈ గనులు తవ్వే సింగరేణి సంస్థ డ్రిల్లింగ్ వాళ్ళు బొగ్గు పొరలు దాటి ఇంకా కిందికి దిగితే ఒక చోట పచ్చని ఛాయ గల మెత్తరాయి, దానిలో అడ్డదిడ్డంగా ఇరుక్కున్న గుండ్రాళ్ళు తగులుతాయి. దాన్ని తాల్చిర్ పొర అంటారు. అది వచ్చిందంటే ఇక కింద బొగ్గు లేనట్టే. ఒడిశాలోని తాల్చిర్ దగ్గర 1856లో బ్లాన్‌ఫోర్డ్ సోదరులు ఇలాంటి పొరనే చూసి, ఇంత సన్నటి మట్టిలో ఇంత పెద్ద బండలు ఎలా వచ్చి పడ్డాయని తల బద్దలుకొట్టుకున్నారు. ఏరు తెచ్చిందంటే బండలూ మట్టీ ఇలా కలిసి ఉండవు, బరువును బట్టి విడివిడిగా పేరుకుంటాయి. వాళ్ళకు తోచిన జవాబు మంచు. ఉష్ణమండలంలో హిమానీనదమా అని అప్పట్లో నవ్వినవాళ్ళూ ఉన్నారు.

ఆ నవ్వు ఆగిపోయే సాక్ష్యం మన సరిహద్దులోనే దొరికింది. ఆదిలాబాద్‌కు ఉత్తరపు గట్టు పెన్‌గంగ. ఆ నది వెంట, చంద్రపూర్ దగ్గరి ఇరాయ్ అనే ఊరి వద్ద 1872లో థామస్ ఓల్డ్‌హామ్, ఫెడెన్ అనే సర్వే అధికారులు తాల్చిర్ గుండ్రాళ్ళ కింద పరుచుకున్న సున్నపురాయిని చూశారు. ఆ రాతి పైభాగం నున్నగా అరిగి ఉంది, దాని మీద ఒకే దిక్కుకు సాగిన గీతలున్నాయి. మంచుగడ్డ తన అడుగున రాళ్ళను ఇరికించుకుని నేల మీద ఈడ్చుకుంటూ పోతే మిగిలే గీతలు అవి. అప్పటికి భారతదేశం ఇక్కడ లేదు. సుమారు 30 కోట్ల ఏళ్ళ కిందట అంటార్కిటికాను ఒరుసుకుని, దక్షిణ ధ్రువానికి దగ్గరగా ఉంది.

మంచు కరిగాక జరిగిందే అసలు కథ. చల్లటి నేల, ఎటు చూసినా నిలిచిన నీరు. ఆ చిత్తడిలో గ్లోసోప్టెరిస్ అనే చెట్టు అడవులుగా పెరిగింది. నాలుక ఆకారంలో ఉండే దీని ఆకు ఏటా రాలి నీళ్ళలో పడేది. చలికీ, గాలి సోకని నీటికీ సరిగా కుళ్ళేది కాదు. కుళ్ళని ఆకూ కలపా పొరల మీద పొరలుగా పేరుకుని, పైన ఇసుక పడి, లోతుకు దిగి బొగ్గయింది. 1912లో దక్షిణ ధ్రువం నుంచి తిరిగివస్తూ చనిపోయిన కెప్టెన్ స్కాట్ బృందం దగ్గర దాదాపు 16 కిలోల రాళ్ళు దొరికాయి. నడవలేని స్థితిలో కూడా వాళ్ళు పారేయని ఆ రాళ్ళలో ఉన్నది ఈ ఆకే. అంటే గోదావరిఖనిలో టబ్బులకొద్దీ ఎత్తినదే అంటార్కిటికాలో ప్రాణాలు పోతున్నా మోసుకొచ్చారు.

ఇప్పుడు సైబీరియా, అలాస్కా, ఉత్తర కెనడాల్లో ఉన్నది ఈ కథలో మొదటి అధ్యాయమే. కనీసం వరసగా రెండేళ్ళు గడ్డకట్టి ఉండే నేలను పర్మాఫ్రాస్ట్ అంటారు. కొన్ని చోట్ల అది వేల ఏళ్ళుగా, వందల మీటర్ల లోతున కరగలేదు. అందులో కుళ్ళకుండా ఆగిపోయిన వేర్లు, గడ్డి, జంతు కళేబరాలు. మొత్తం కలిపితే సుమారు లక్షన్నర కోట్ల టన్నుల కర్బనం, ఇవాళ మొత్తం గాలిలో ఉన్నదానికి దాదాపు రెండింతలు. నేల కరిగితే సూక్ష్మజీవులు నిద్రలేచి తిండికి కూర్చుంటాయి. ఆరిన నేలలో అయితే కార్బన్ డయాక్సైడ్, నీళ్ళు నిలిచిన చోట మీథేన్ పైకి వస్తుంది. చెరువు పూడిక తవ్వేటప్పుడు బుడగలు లేచి వచ్చే వాసన తెలిసినవాళ్ళకు ఆ రెండో సంగతి వేరే చెప్పనక్కరలేదు. మన వరిమళ్ళ నుంచి వచ్చేదీ అదే మీథేన్.

కాబట్టి సింగరేణి బొగ్గూ, సైబీరియా మంచునేలా రెండూ చలి దాచిపెట్టిన ఆకు సొమ్మే. ఒకటి బండగా మారింది, ఇంకొకటి ఇంకా మట్టిగానే ఉంది. ఇక్కడిది మనం తవ్వి తీస్తున్నాం. దాన్ని కాలిస్తే పుట్టే వేడి అక్కడిదాన్ని తవ్వకుండానే బయటకు తెస్తోంది. 2,600 మెగావాట్ల రామగుండం స్టేషన్ ఒక్కటే సైబీరియాను కరిగిస్తోందని నేననను. కానీ పర్మాఫ్రాస్ట్ అంటే ఎక్కడో ఎస్కిమోల గొడవ అనుకోవడానికి కరీంనగర్, ఆదిలాబాద్ వాళ్ళకు అందరికంటే తక్కువ హక్కు ఉంది.

కరిగే నేల బయటపెట్టేవన్నీ వాయువులే కావు. 2007లో యమల్ ద్వీపకల్పంలో ల్యూబా అనే మామత్ పిల్ల చర్మంతో సహా దొరికింది, చనిపోయి దాదాపు 42,000 ఏళ్ళయినా చెక్కుచెదరలేదు. అదే యమల్‌లో 2016 ఎండాకాలంలో ఆంత్రాక్స్ లేచింది. రెండువేలకు పైగా రెయిన్‌డీర్లు చచ్చాయి, పన్నెండేళ్ళ పిల్లాడు చనిపోయాడు. ఎన్నో దశాబ్దాల కింద చచ్చి మంచునేలలో ఉండిపోయిన కళేబరం కరగడమే కారణమని శాస్త్రవేత్తల అంచనా. ఇంకో సంగతి తక్కువమంది చెప్తారు. ఇక జబ్బు రాదనుకుని 2007లోనే అక్కడ రెయిన్‌డీర్లకు టీకాలు ఆపేశారు.

హుస్నాబాద్ గొల్లకుర్మలకు ఈ జబ్బు కొత్తేమీ కాదు, వాళ్ళ భాషలో దొమ్మరోగం. రాత్రి మంచిగున్న గొర్రె తెల్లారేసరికి పడి ఉంటుంది, ముక్కు నుంచి గడ్డకట్టని నల్లటి రక్తం. దాన్ని కొయ్యొద్దు, తినొద్దు, సున్నం వేసి లోతుగా పూడ్చాలని పెద్దలు చెప్పేది ఊరికే కాదు. ఈ క్రిమి గింజకట్టి మట్టిలో దశాబ్దాలు బతుకుతుంది. దానికి మంచుతో పనిలేదు. ఎండిన చెరువు శిఖం చాలు, తొలకరికి నీరు కదిలి పచ్చగడ్డి మొలిస్తే మేతతో పాటు మళ్ళీ మందలోకి వస్తుంది. చచ్చిన జీవాన్ని కోసి పంచుకున్న చోట్ల, విశాఖ మన్యంలో లాగా, మనుషుల చేతులకూ పుండ్లు లేచాయి. సబ్సిడీ గొర్రెల పంపిణీ గురించి ఊళ్ళలో నడిచిన చర్చలో వెయ్యోవంతు వానలకు ముందు వేయించాల్సిన టీకా మీద నడిచి ఉంటే బాగుండేది.

గోదావరి పట్టీలో బొగ్గు పైనున్న పొరలు చదివితే ఇంకో భయం ఉంది. దాదాపు 25 కోట్ల ఏళ్ళ కిందట సైబీరియాలోనే లావా ఉబికి, దారిలో ఉన్న బొగ్గు పొరలను కాల్చుకుంటూ పైకొచ్చింది. భూమి వేడెక్కింది, సముద్రజీవుల్లో అత్యధిక భాగం నశించింది, గ్లోసోప్టెరిస్ కూడా పోయింది. ఆ తర్వాత కోటి ఏళ్ళపాటు ప్రపంచంలో ఎక్కడా చెప్పుకోదగ్గ బొగ్గు పుట్టలేదు. ఆసిఫాబాద్ వైపు కనిపించే మాలేరి ఎర్రమట్టి పొరలు ఇంకొంచెం తర్వాతివి. అక్కడ 19వ శతాబ్దంలోనే స్టీఫెన్ హిస్లాప్ వంటివాళ్ళు నీరింకినా గాలి పీల్చి బతకగల చేపల పళ్ళు ఏరారు. ఇంకా పైన కోట పొరలు. అప్పటి ఆదిలాబాద్ జిల్లా యామన్‌పల్లిలో తవ్వితీసిన కోటాసారస్ వాటిలోదే. దాదాపు తొమ్మిది మీటర్ల రాక్షసబల్లి, 1988లో యాదగిరి అనే భూగర్భ శాస్త్రవేత్త దానికి పేరు పెట్టారు. చూడాలంటే హైదరాబాద్ బిర్లా సైన్స్ సెంటర్‌కు పోవాలి.

పోనీ, డైనోసార్ ఎముకలు రాజధానికి పోతే పోయాయి. ఓపెన్‌కాస్ట్ గనుల పక్కన, బొగ్గు పైనుంచి తీసి పోసిన మట్టీ రాయీ, అంటే ఓబీ గుట్టలు హుస్నాబాద్ గుట్టలకు పోటీగా లేస్తున్నాయి, వాటిలో పారబోసిన రాతిపలకల్లో గ్లోసోప్టెరిస్ ఆకు ముద్రలు దొరుకుతాయి. బడి పిల్లలను బస్సెక్కించి పొద్దున బయలుదేరితే సాయంత్రానికి వచ్చేయొచ్చు. కావలసింది సింగరేణి అనుమతి, తలకు హెల్మెట్, పలకను పొర వెంట చీల్చడం తెలిసిన ఒక సర్వేయర్.