రైన్ నది మీద మూడు సిగ్నళ్లు

విదేశంలో ఫోను ఖర్చు ఎలా అదుపులో పెట్టుకోవాలో గల్ఫ్ పనికి పోయే మనవాళ్లకు తెలిసినంతగా ఇంకెవరికీ తెలియదు. దుబాయ్ విమానాశ్రయంలో ఫ్రాంక్‌ఫర్ట్ విమానం కోసం కూర్చున్నప్పుడు అది కళ్లారా చూశాను. అక్కడ ఉచిత వైఫై ధారాళంగా అందుతుంది. క్షేమంగా దిగామని తెనాలిలో ఉన్న మా అమ్మకు చెబుదామని మావారు వాట్సాప్ కాల్ చేస్తే ఎంతకీ కలవడం లేదు. పక్క సీట్లో కూర్చున్న జగిత్యాల అబ్బాయి కాసేపు చూసి, “ఇక్కడ వాట్సాప్ కాల్ కలవదమ్మా. మెసేజ్ పోతది, ఫొటో పోతది, మాట పోదు. మేమైతే బోటిమ్‌ల మాట్లాడుతం” అన్నాడు. ఎమిరేట్స్‌లో ఇంటర్నెట్ మీద మాట్లాడటానికి అనుమతి ఉన్న యాప్‌లు కొన్నే. వాట్సాప్‌లో సందేశాలకు అడ్డు లేదు గాని, కాల్స్‌కు దారి మూసేశారు.

ఆ అబ్బాయి ఫోనులో రెండు సిమ్‌లున్నాయి. “ఇండియా సిమ్ ఎన్నడూ తియ్యనమ్మా, బ్యాంకు ఓటీపీ దానికే వస్తది. డేటా రోమింగ్ మాత్రం బందు పెట్టిన” అన్నాడు. నేను బయలుదేరే ముందు ఎంతో చదివి, ఎందరినో అడిగి తెలుసుకున్నదాని సారమంతా ఆ రెండు ముక్కల్లో ఉంది.

అసలు రోమింగ్‌కు అంత ఖరీదు ఎందుకో కాస్త చెప్పాలి. సిమ్ కార్డులో మన ఫోను నంబరు కాక ఇంకో పొడవాటి సంఖ్య ఉంటుంది. మన దేశపు సిమ్ అయితే అది 404తోనో 405తోనో మొదలవుతుంది. జర్మనీది 262, ఫ్రాన్సుది 208, స్విట్జర్లాండ్‌ది 228. పరాయి దేశంలో ఫోను ఆన్ చేయగానే అక్కడి నెట్‌వర్క్ ముందుగా చూసేది ఈ అంకెలనే. ఈ సిమ్ మనది కాదని గ్రహించి, ఇండియాలోని కంపెనీని వాకబు చేస్తుంది. అక్కడినుంచి సరేనని జవాబు వస్తే సేవ మొదలవుతుంది, పద్దూ మొదలవుతుంది. ఫ్రైబుర్గ్‌లో నిలబడి ఇండియా సిమ్ డేటాతో పక్క వీధిలో భోజనం ఎక్కడ దొరుకుతుందని వెతికినా, ఆ ప్రశ్న మామూలుగా ఇండియాకు వెళ్లి రావాల్సిందే.

చాలామంది దృష్టికి రానిది, వచ్చే కాల్ సంగతి. తెనాలి నుంచి మన నంబరుకు ఎవరైనా ఫోన్ చేస్తే వాళ్లకు పడేది మామూలు లోకల్ కాల్ ఖర్చే. దేశం దాటిన దూరానికి డబ్బు కట్టేది, ఫోను ఎత్తిన మనం. ఎత్తకపోయినా, ఆ కాల్ ఇండియాలోని వాయిస్ మెయిల్‌కో మరో నంబరుకో మళ్లేలా పెట్టి ఉంటే, అది మన దాకా వచ్చి తిరిగి వెళ్లినందుకు రెండు వైపులా పడే అవకాశం ఉంది. అందుకే బయలుదేరే ముందే కాల్ ఫార్వర్డింగ్ తీసేశాం. బంధువులందరికీ, పాలవాడితో సహా, వాట్సాప్‌లోనే చేయమని చెప్పాం. మామూలు కాల్ వస్తే ఎత్తకుండా వదిలేసి, వైఫై అందగానే మనమే తిరిగి చేయడం. మిస్డ్ కాల్‌తో ఇన్నేళ్లు సంసారాలు నడిపిన జనానికి ఇదేమీ కొత్త విద్య కాదు.

మన కంపెనీలు అమ్మే రోమింగ్ ప్యాక్‌లు పనికిరావని అనను. రెండు మూడు రోజుల ఆఫీసు పని మీద వెళ్లి, పాత నంబరులోనే అందరికీ దొరకాల్సిన మనిషికి అదే మేలు. ఊరికి వెళ్లి నెలో, నెలన్నరో ఉండే మా లాంటి వాళ్లకు మాత్రం అక్కడి సిమ్ కొనుక్కోవడమే లాభం.

ఫ్రైబుర్గ్‌లో మా మేనకోడలి ఇల్లు. నల్ల అడవి అంచున ఉన్న ఆ ఊళ్లో వీధుల పక్కనే రాతి కాలువల్లో జానెడు వెడల్పున నీళ్లు పరుగెత్తుతుంటాయి. పిల్లలు తాడు కట్టిన చెక్క పడవలను వాటిలో ఈడ్చుకుంటూ పోతారు. ఆ కాలువ పక్కనే నడుచుకుంటూ సిమ్ కొనడానికి వెళ్లాం. జర్మనీలో 2017 జూలై నుంచి ప్రీపెయిడ్ సిమ్‌కు కూడా గుర్తింపు చూపించి తీరాలి. సూపర్ బజారుల్లో దొరికే చవక సిమ్‌కు ఇంటికొచ్చాక వీడియోలో పాస్‌పోర్టు చూపించి పని పూర్తి చేయాలి. దుకాణంలో అయితే అక్కడే చూసి, అక్కడే ఆన్ చేసి ఇస్తారు. భాష రాని వాళ్లకు దుకాణమే నయం. మేము అదే చేశాం.

సిమ్ ట్రే తీయడానికి దుకాణంలోని అబ్బాయి సొరుగులో సూది వెతుకుతుంటే, చీర కొంగుకు పెట్టుకున్న పిన్నీసు తీసి ఇచ్చాను. ఇండియా సిమ్ మొదటి గదిలో అలాగే ఉంది. జర్మనీది రెండో గదిలోకి వెళ్లింది. మన దగ్గర రెండు సిమ్‌ల ఫోను ఎప్పటినుంచో మామూలే కాబట్టి ఇక్కడ అది బాగా కలిసొచ్చింది. తర్వాత సెట్టింగ్స్‌లో చేసింది మూడు పనులు. డేటా జర్మనీ సిమ్‌కు అప్పగించడం, ఇండియా సిమ్‌లో డేటా రోమింగ్ ఆపడం, ఒక సిమ్‌కు సిగ్నల్ లేనప్పుడు డేటా దానంతటదే రెండోదానికి మారే సదుపాయాన్ని తీసేయడం. ఈ మూడోది మరిచిపోతే మొదటి రెండూ చేసిన ఫలం దక్కకపోవచ్చు. కొత్త ఫోనులున్న వాళ్లు ఈసిమ్‌ను ఇంట్లో కూర్చునే కొనుక్కోవచ్చు. అయితే అందులో చాలావాటికి ఫోన్ నంబరు ఉండదు, డేటా ఒక్కటే. పైగా ‘యూరప్’ అని పేరున్నంత మాత్రాన యూరప్ అంతా అందులో ఉన్నట్టు కాదు. దేశాల జాబితా చదవాలి.

ఆ జాబితా విలువ మాకు స్విట్జర్లాండ్‌లోని బాసెల్‌కు వెళ్లినప్పుడు తెలిసింది. యూరోపియన్ యూనియన్‌లో ఒక దేశపు సిమ్‌ను ఇంకో దేశంలో వాడినా ఇంటి ధరే పడాలనే నిబంధన 2017 జూన్ 15న అమల్లోకి వచ్చింది. అది ఊరికే రాలేదు. 2007లో మొదటిసారి పరిమితి పెట్టినప్పుడు, పన్ను కాకుండా, బయటికి చేసే కాల్‌కు నిమిషానికి 49 సెంట్లు, వచ్చే కాల్‌కు 24 సెంట్లు మించకూడదన్నారు. కంపెనీలు గోల పెట్టాయి. అయినా ఏటేటా తగ్గిస్తూ పదేళ్లలో అదనపు ఖర్చు లేకుండా చేశారు. 2022లో ఆ నిబంధనను 2032 దాకా పొడిగించారు. ఒక కంపెనీ ఇంకో కంపెనీకి చెల్లించుకోవాల్సిన డేటా ధరకు 2022లో జీబీకి 2 యూరోలు గరిష్ఠ పరిమితి. 2027 నాటికి అది 1 యూరో. సరిహద్దు దాటినందుకు అయ్యే అసలు ఖర్చు ఎంత తక్కువో ఈ అంకెలే చెబుతాయి. మిగతాదంతా ఒప్పందాల్లో పుట్టే ధర. ప్రభుత్వాలు కలిసి కూర్చుంటే తగ్గించగలిగిన ధర. హైదరాబాద్ నుంచి ఖాట్మండుకో కొలంబోకో వెళ్లేవాళ్ల కోసం మన ప్రభుత్వాలూ అలా కూర్చోవాలని నా గట్టి కోరిక.

ఆ నిబంధన యూనియన్ దేశాలతో పాటు నార్వే, ఐస్‌లాండ్, లీక్టెన్‌స్టైన్‌లకు వర్తిస్తుంది. స్విట్జర్లాండ్‌కు వర్తించదు. కొన్ని జర్మనీ ప్లాన్‌లలో ఆ దేశాన్ని కంపెనీలే కలిపి ఇస్తాయి. మేము కొన్నదానిలో లేదు. “అత్తా, వైల్ ఆమ్ రైన్ అని బోర్డు కనపడగానే డేటా ఆపేయండి. ఆ తర్వాతది బాసెలే” అని మేనకోడలు రెండుసార్లు చెప్పి రైలెక్కించింది.

ఫ్రైబుర్గ్ నుంచి బాసెల్‌కి వేగం రైళ్లు తొమ్మిది కిలోమీటర్లకు పైగా పొడవున్న కాట్సెన్‌బెర్గ్ సొరంగంలోంచి దూసుకుపోతాయి. మేమెక్కిన ప్రాంతీయ రైలు పాత దారిన, ఇస్టైన్ సున్నపురాయి కొండ అంచున వెళ్లింది. ఒక పక్క ద్రాక్షతోటలు, ఇంకో పక్క కింద రైన్ లోయ, ఆవలి గట్టు ఫ్రాన్స్. కిటికీలోంచి సరిహద్దు ఎక్కడా కనపడదు. గేటు లేదు, కంచె లేదు. వైల్ స్టేషన్ వచ్చింది. ఇద్దరం డేటా ఆపేశాం. కాసేపటికి జర్మన్ భాషలో సందేశం వచ్చింది: స్విట్జర్లాండ్‌కు స్వాగతం, ధరలు ఇవీ అని. ఇలా కబురు పెట్టడం కూడా కంపెనీ ఇష్టం కాదు, చట్టం. యూనియన్ కంపెనీల సిమ్‌కు ఇంకో రక్షణ ఉంది. డేటా ఖర్చు 50 యూరోలు దాటబోతే, మనం ఒప్పుకోకపోతే ఆపేయాలి. 2012 జూలై నుంచి యూనియన్ బయట కూడా మామూలుగా ఇది వర్తిస్తుంది. మన ఇండియా సిమ్‌కు ఆ చట్టం అండ లేదు.

బాసెల్‌లో మేము దిగిన బాడిషర్ బాన్‌హోఫ్ ఉన్నది స్విట్జర్లాండ్ నేల మీద, నడిపేది జర్మనీ రైల్వే. అక్కడినుంచి లుసెర్న్, పడవలో విట్స్‌నావ్, 1871 నుంచి నడుస్తున్న పళ్లచక్రాల రైల్లో రిగి కొండ. ఆ అందం గురించి ఎందరో రాశారు కాబట్టి నేను ఫోను సంగతే చెబుతాను. స్విట్జర్లాండ్‌లో ఉన్నంతసేపూ డేటా వాడలేదు. మ్యాప్ ముందే దింపుకున్నాం. మనం ఎక్కడున్నామో ఫోను తెలుసుకునేది ఇరవై వేల కిలోమీటర్ల ఎత్తున తిరిగే జీపీఎస్ ఉపగ్రహాల నుంచి. దానికి ఇంటర్నెట్ అక్కర్లేదు, పైసా పడదు. నీలిచుక్క మాతో పాటు సరస్సు మీద కదిలింది. టికెట్లు, హోటల్ చిరునామా స్క్రీన్‌షాట్ తీసి పెట్టుకున్నాం. వైఫై హోటల్లో దొరికింది, అయితే బ్యాంకు పనులు అలాంటి వైఫైలో ముట్టుకోలేదు. అత్యవసరమైతే 112 అక్కడా పనిచేస్తుంది.

సరస్సు పడవలకు గట్టు మీది టవర్లే దిక్కు. సముద్రం మీద పోయే పెద్ద ఓడల సంగతి వేరు. వాటిలో ఉపగ్రహం ద్వారా నడిచే సొంత నెట్‌వర్క్ ఉంటుంది. ఏ దేశపు గరిష్ఠ ధరా దానికి అంటదు. గట్టు దాటి ఆ సిగ్నల్ అందుకుంటే, యూనియన్ సిమ్‌కైనా ఖర్చు విపరీతం. నార్వేకో గ్రీసు దీవులకో ఓడలో వెళ్లేవాళ్లు ఎక్కగానే ఫ్లయిట్ మోడ్ పెట్టుకోవాలి.

తిరుగు దారిలో బాసెల్ నుంచి 8వ నంబరు ట్రామ్ ఎక్కాం. 2014 చివరినుంచి అది సరిహద్దు దాటి వైల్ దాకా వస్తోంది. సంచులు పట్టుకుని జర్మనీ వైపు చవక సరుకులకు వెళ్లే బాసెల్ వాళ్లతో కిక్కిరిసిపోయింది. మూడు దేశాల వంతెన దగ్గర దిగాం. 2007లో కట్టిన ఈ 248 మీటర్ల వంతెన మీద నడిచేవాళ్లకూ సైకిళ్లకూ మాత్రమే దారి. ఇటు జర్మనీ, అటు ఫ్రాన్స్‌లోని యునాంగ్, ఎగువన కొద్ది దూరంలో స్విట్జర్లాండ్. నెట్‌వర్క్ ఎంపికను ఆటోమేటిక్‌లో వదిలేస్తే ఇక్కడ సొంత కంపెనీ సిగ్నల్ అందనప్పుడు ఫోను దానంతటదే పక్క దేశపు నెట్‌వర్క్‌కు పోవచ్చు. అందుకని దాన్ని తీసేసి వెతకమన్నాను. జర్మనీ, ఫ్రాన్స్, స్విట్జర్లాండ్ కంపెనీల పేర్లన్నీ ఒకే జాబితాలో వచ్చాయి. మా జర్మనీ కంపెనీ పేరు మీద వేలు పెట్టి, డేటా ఆన్ చేసి, అమ్మకు వాట్సాప్ కాల్ చేశాను. ఇంటి ధర నిబంధన యూనియన్‌లోని వేరే దేశంలో ఉండి యూనియన్ నంబర్లకు చేసే కాల్స్‌కే గాని జర్మనీ నంబరు నుంచి ఇండియాకు నేరుగా చేసే కాల్‌కు కాదు. డేటా మీద మాట్లాడితే ఆ బాధ లేదు.

మాట్లాడుతూనే ఫ్రాన్స్ ఒడ్డుకు నడిచాం. మావారు ఫోను తిప్పి నదిని, పడవలను చూపించారు.

“అది సరేగానీ, ఇంతసేపు మాట్లాడుతున్నారు, బిల్లు ఎంతవుతుందే?” అంది అమ్మ.

“ఏమీ అవదమ్మా, నెలకు కట్టిన డేటాలోదే.”

“అయితే ఉండు, పిన్ని వచ్చింది, దానికిస్తాను.”