పరుల సొమ్ము, తన చిత్రము

కావ్యము వ్రాయువానికి కాగితమును కలమును చాలును. వీణ వాయించువానికి వీణ యొక్కటి కావలయును. అది మా నూజివీడుననే దొరకును. చలనచిత్రము దీయు దర్శకుని సంగతి అట్టిది గాదు. నటీనటులు, ఛాయాగ్రాహకుడు, పాటలు కట్టువారు, పాడువారు, అద్దెకు దీసికొన్న స్టూడియో, ఒకప్పుడైతే వేల అడుగుల ఫిలిము, వీనిలో ఏ యొక్కటి తక్కువైనను ఆతని తలపులోని కథ తలపులోనే యుండిపోవును. వీనికన్నిటికిని సొమ్ము కావలయును. ఆ సొమ్ము తఱచుగా వేఱొకరిది. అందుచేత స్వతంత్ర దర్శకుడు అను మాట వినినప్పుడెల్ల ఆ స్వాతంత్ర్యము ఎంతవఱకు అని మాకు ప్రశ్న గలుగుచుండును.

సోదరీమణులారా, ఈ ప్రశ్న మనకు క్రొత్తది గాదు. ఇల్లు నడపునది మనము. ఏ నెల ఏ పద్దు తగ్గింపవలెనో, ఏ బిడ్డ చదువునకు ముందుగా రుసుము చెల్లింపవలెనో మన బుద్ధికి దోచినట్లే చేయుదుము. ఐనను లెక్క యడుగువారు ఒకరుందురు. ఇది యెఱిగియే కాబోలు మన స్మృతికారులు స్త్రీధనమను పేర కొంత సొమ్మును వేఱుగా నిలిపిరి. పాపము, చలనచిత్ర దర్శకునకు ఏ స్మృతికారుడును అట్టి ధనమును విధింపలేదు.

మా ముసునూరు ప్రాంతపు మామిడితోటల వారికిని ఇట్టి చిక్కే కలదు. చెట్లు పూతమీద నుండగనే వర్తకుడు వచ్చి బయానా యిచ్చి తోటను గుత్తకు దీసికొనును. అటుపిమ్మట చెట్టు రైతుది, కాయ వర్తకునిది. చిన్నరసములు కోతకు వచ్చునప్పటికి ఆ రైతు ఇల్లాలు తన దొడ్డిచెట్టు పండ్లను తానే అడిగి పుచ్చుకొనవలసి వచ్చును. సినిమాలలోను చిత్రము పూర్తికాకమునుపే పంపిణీదారు అడ్వాన్సు ఇచ్చుట వాడుక. ఇచ్చినవాడు పాటలెన్ని, నృత్యమున్నదా, నాయిక యెవరు అని యడుగకుండునా?

ఈ చిక్కులో దిగి, చాలవఱకు నెగ్గి, కొంత ఓడిన ఒక తెలుగు దర్శకుని గూర్చి నేడు వ్రాయ దలచితిమి. ఆయన గూడవల్లి రామబ్రహ్మముగారు. 1902లో కృష్ణాజిల్లా నందమూరులో జన్మించిరి. (2022లో జిల్లాలు విభజించి మా ముసునూరును ఏలూరు జిల్లాలో చేర్చిరి గాని, అంతకుముందు మాదియు కృష్ణాజిల్లాయే. కావున ఆయనను మావారనుకొనుటకు మాకింకను హక్కు కలదని తలంతుము.) ఆయన మొదట పత్రికా సంపాదకులు. సమదర్శినిని, ప్రజామిత్రను నడిపిరి. నలుగురిచేత చదివించుట యెట్లో ఆయనకు సినిమాలకు రాకమునుపే తెలిసియుండెను. ఇది చిన్న సంగతి గాదు.

తెలుగు చిత్రము మాటాడనేర్చినది 1932లో, భక్తప్రహ్లాదతో. ఆపై నాలుగైదేండ్లు తెరపై నడిచినవారు దాదాపుగా దేవతలును రాక్షసులును ఋషులునే. 1936లో ప్రేమవిజయమను సాంఘికము వచ్చినను, ఆ త్రోవ పట్టినవారు అరుదు. పురాణమైన పెట్టుబడికి భయము లేదు. కథ అందఱకును తెలిసినది, దేవుని చూడ వచ్చువారు ఎన్నడును కొఱవడరు. ఇట్టి కాలమున రామబ్రహ్మముగారు మాలపిల్ల యను పేరు పెట్టి చిత్రము దీయుటకు పూనుకొనిరి. సొమ్ము పెట్టినవారు చల్లపల్లి జమీందారు యార్లగడ్డ శివరామప్రసాద్‌గారు. సంస్థ పేరు సారథి ఫిలిమ్స్. కథ చలంగారిది, మాటలు తాపీ ధర్మారావుగారివి, పాటలు బసవరాజు అప్పారావుగారివి, సంగీతము భీమవరపు నరసింహారావుగారిది. ఈ పేర్లను ఒక్కచో చేర్చుటయే ఒక దర్శకత్వము.

1938లో ఆ చిత్రము విడుదలయ్యెను. కథ క్లుప్తముగా నిది. కల్యాణపురమున ఆలయమునకు పెద్దయైన సుందరరామశాస్త్రి కుమారుడు నాగరాజు, మాలపల్లెలోని శంపాలతను ప్రేమించును. ఊరు ఊరంతయు మండిపడగా వారు కలకత్తాకు బోవుదురు. అక్కడ ఆమె చదువుకొనును. ఇచట శాస్త్రి యిల్లు అంటుకొని ఆయన భార్య మంటలలో చిక్కుకొనగా, ఆమెను కాపాడినవాడు అంటరానివాడని వారు త్రోసిపుచ్చిన మనుష్యుడే. శాస్త్రి మనసు మారును, గుడి తలుపులు తెఱచుకొనును, పెండ్లి యగును. శాస్త్రిగా గోవిందరాజుల సుబ్బారావుగారు, శంపాలతగా కాంచనమాలగారు నటించిరి.

దీనికి రెండేండ్ల ముందు బొంబాయిలో దేవికారాణితో అఛూత్ కన్య వచ్చియుండెను. అందును ఇట్టి ప్రేమయే. గాని తుదకు ఆ పిల్ల రైలుక్రింద బడి చనిపోవును. చూచువారు కన్నీరు తుడుచుకొని నిశ్చింతగా ఇండ్లకు బోవచ్చును, ఎవరింటను ఏమియు మారనక్కఱలేదు. రామబ్రహ్మముగారు శంపాలతను చంపలేదు. కోడలిని జేసి నట్టింట కూర్చుండబెట్టిరి. తిరువాన్కూరులో ఆలయ ప్రవేశము 1936లో ప్రకటింపబడెను. మధుర మీనాక్షి గుడిలోనికి దళితులు ప్రవేశించినది 1939లో. ఆ రెంటి నడుమ తెలుగుదేశములో టిక్కెట్టు కొని చూచు బొమ్మలో గుడి తలుపు తెఱచుట ఎంతటి పనియో తలచి చూడవలెను.

ఐనను మాకొక అభ్యంతరము కలదు. శంపాలత కలకత్తాలో చదువు, నాగరికపు చీరకట్టు నేర్చిన పిమ్మటనే గదా కథ ఆమెను అంగీకరించుటకు సిద్ధమయ్యెను! మాలపల్లెలో నున్నప్పటి శంపాలతకు ఏమి లోపము? అరణ్యపర్వమున కౌశికుడను బ్రాహ్మణుడు ధర్మము తెలియుటకై మొదట ఒక గృహిణి వాకిట నిలిచి, ఆమె చెప్పగా మిథిలలో మాంసమమ్ము ధర్మవ్యాధుని అంగడికి బోయెను. ఆ వ్యాధుడు అంగడి కట్టివేసి, వేషము మార్చి, సంస్కృతము చదివి వచ్చి ధర్మము చెప్పలేదు. ఉన్నచోటనే, ఉన్న వృత్తిలోనే చెప్పెను. వ్యాసునకు గల ఈ ధైర్యము 1938 నాటి చిత్రకథకు చాలలేదని మా యభిప్రాయము.

ఇది కథలోని లోపమా, వ్యాపారపు ఒత్తిడియా? కాంచనమాల వంటి అందగత్తెను క్రొత్తరీతి చీరలో చూపినచో చిత్రము ఆడునని రామబ్రహ్మముగారికి తెలియదనుకొనుట అమాయకత్వము. ఆమె రూపము ఆనాడు ఊరూర చెప్పుకొన్నారు. పాటలును ఇల్లిల్లు దిరిగినవి. కషాయమునకు తేనె కలుపు తల్లిని మోసగత్తె యనము గదా. ఆయన తేనె కొంచె మెక్కువ కలిపిరని మాత్రమే అందుము. చిత్రము బాగుగా నాడినది. ఆ ఆడుటయే ఆయనకు రెండవ చిత్రము దీయు బలము నిచ్చినది.

రెండవ చిత్రము రైతుబిడ్డ, 1939. ఇక్కడ ఆయన చేసిన పని తలచినకొలది మాకు అచ్చెరువగును. జమీందారు సొమ్ముతో జమీందారీ దుర్మార్గమును చూపిరి! అప్పులపాలై, ఎన్నికలలో జమీందారు మనిషిని గాదని రైతుల పక్షమువానికి వోటు వేసి, దానికై బాధలుపడిన నర్సిరెడ్డి కథ అది. ఆ పాత్రను రంగస్థలమున ప్రసిద్ధులైన బళ్ళారి రాఘవగారు ధరించిరి. టంగుటూరి సూర్యకుమారిగారు అప్పటికి బాలిక; ఆమెయు నటించిరి. కొసరాజు రాఘవయ్యగారు పాటలు వ్రాసి సినిమాలకు పరిచయమైరి.

జమీందారీలలో పుట్టి పెరిగిన పెద్దల మాటలు వినిన మా ప్రాంతమువారికి ఆ కథ వివరింప బనిలేదు. నూజివీడు మేకావారి జమీందారీ. శిస్తు, బాకీ, జప్తు అను మాటలు ఇచటి ముసలమ్మల నోట ఇటీవలి వఱకు తిట్లతోపాటు వినబడుచుండెడివి. అట్టి సంగతిని తెరపై చూపగా వేంకటగిరి, బొబ్బిలి జమీందారులు అభ్యంతరము చెప్పిరి. కొన్నిచోట్ల ప్రదర్శనము నిషేధింపబడెను. మాలపిల్ల సంపాదించినంత ధనమును రైతుబిడ్డ సంపాదింపలేదు. ప్రదర్శనమే ఆగిపోయిన చిత్రమునకు ఎంతటి దర్శకుడైనను ఏమి చేయగలడు?

చల్లపల్లివారు దీనికెట్లు ఒప్పుకొనిరి అని పలువురు అడుగుదురు. పెద్దమనసని కొందఱు, జమీందారులలో జమీందారులకు పడకుండుట అని కొందఱు అందురు. ఏది నిజమైనను మా దృష్టికి ముఖ్యమైనది వేఱు. సొమ్మిచ్చినవారు ఊరకున్నంత మాత్రమున పని యగునా? వారికి నచ్చునదే తీయుదమని ముందుగానే తలవంచు దర్శకులు ఎందఱు లేరు! అడుగకమునుపే తగ్గుట మన యిండ్లలోను కలదు. లెక్క యడుగువారు నోరు మెదపకమునుపే మనకు కావలసిన పుస్తకమును కొనుట మానుకొందుము. రామబ్రహ్మముగారు అట్లు ముందుగా తగ్గలేదు.

ఇట్టిదే నలువదియేండ్లకు తెలంగాణములో మరల జరిగెను. ప్రజ్ఞాపూరులో భూస్వాముల కుటుంబమున పుట్టిన బి. నర్సింగరావుగారు, తెలంగాణ రైతాంగ పోరాటమును గూర్చిన మాభూమికి నిర్మాతలలో నొకరై, గౌతమ్ ఘోష్‌గారిచే 1979లో దానిని తీయించిరి. పిదప తామే దర్శకులై 1988లో దాసిని తీసిరి. గడీలో దొరకు ఊడిగము చేయు కమలాక్షి కథ అది. పాటలు లేవు, మాటలును తక్కువ. తేనె బొత్తిగా కలుపని కషాయము. అర్చనగారికి ఉత్తమ నటిగా జాతీయ బహుమానము వచ్చెను, కళాదర్శకత్వమునకు చిత్రకారులు తోట వైకుంఠముగారికి వచ్చెను. బహుమానములెన్ని వచ్చినను దాసిని సినిమాహాలులో చూచిన గృహిణులు మా యెఱుకలో మిక్కిలి కొలది. మాలపిల్లను చూడని యిల్లు అరుదని పెద్దలు చెప్పుదురు. ఈ రెంటిలో ఏది మేలో నిర్ణయింప మాకు శక్యము గాదు. దాసి మాకు మిక్కిలి నచ్చినది, మాలపిల్ల మిక్కిలి పనిచేసినది.

మరల రామబ్రహ్మముగారి కడకు వత్తము. 1940లో ఇల్లాలు, 1941లో అపవాదు, 1942లో పత్ని, 1943లో పంతులమ్మ. పేర్లే చెప్పును, ఆయన దృష్టి రానురాను ఇంటివైపునకు, మనవైపునకు మరలినదని. పత్ని కణ్ణగి కథ, ఋష్యేంద్రమణిగారు నటించిరి. సాంఘికముల నడుమ పురాకథను చేపట్టుట చూచి వెనుకకు బోయిరని అనువారుందురు. కాని తప్పుతీర్పు చెప్పిన రాజును సభలో నిలదీసిన యాడుదాని కథను ఎన్నుకొనుట వెనుకకు బోవుటయా? అది యుద్ధకాలము. 1942లో జపానువారి బాంబులకు వెఱచి మదరాసు సగము ఖాళీ అయ్యెను. ముడిఫిలిముపై ప్రభుత్వ నియంత్రణము వచ్చెను. చేతిలో సొమ్మున్నను ఫిలిము దొరకని దినములు.

1945లో మాయాలోకము వచ్చెను. కాంభోజరాజు కథ, అక్కినేని నాగేశ్వరరావుగారు, శాంతకుమారిగారు. జానపదము, వినోదము, రాబడి. రైతుబిడ్డ తీసిన చేయియే దీనిని తీసినదా యని కొందఱు విచారపడిరట. మాకు విచారము లేదు. ఒక యేడు వరి పండనిచోట మఱుసటి యేడు జనుము చల్లి నేలను నిలుపుకొను రైతును ఎవ్వరును నిందింపరు.

ఆపై ఆయన పలనాటియుద్ధము మొదలిడిరి. మాలలతో సహపంక్తిని కూర్చుండిన బ్రహ్మనాయడు, మంత్రిత్వము నెఱపిన నాగమ్మ: ఆయన మనసునకు ఇంతకన్న తగిన కథ యుండదు. బ్రహ్మనాయడుగా గోవిందరాజుల సుబ్బారావుగారిని, నాగమ్మగా కన్నాంబగారిని నిలిపిరి. చిత్రము సగములో నుండగా 1946లో రామబ్రహ్మముగారు పరమపదించిరి. వయస్సు నలువదినాలుగు. ఏలూరు చెంత సోమవరప్పాడులో పుట్టిన ఎల్.వి. ప్రసాద్‌గారు మిగిలిన భాగమును పూర్తిచేయగా 1947లో అది విడుదలయ్యెను. ఆ మఱుసటి యేడు, 1948లో, మదరాసు శాసనసభ జమీందారీల రద్దు చట్టము చేసెను.