కొయ్యనావలో ఏజియన్ సముద్రము

గ్రీసు దేశమునకు వచ్చు మనవారిలో పెక్కురు ద్వీపములను చూచి పోవుదురు గాని, ఆ ద్వీపములను పెంచి పోషించిన సముద్రమును చూచి పోవువారు తక్కువ. పిరేయస్ రేవులో వేకువజామున వందలకొలది జనము పట్టు ఉక్కునౌక నెక్కి, అద్దముల వెనుక చల్లని గదిలో కూర్చుండి, కాఫీ త్రాగుచు, చేతిలోని ఫోనును చూచుకొనుచు, కొన్ని గంటలలో ఒక దీవిలో దిగి, తెల్లని గోడలకును నీలి తలుపులకును ఛాయాచిత్రములు తీసికొని, మరల అట్లే మఱొక దీవికి సాగిపోవుట ఇప్పటి వాడుక. ఓడల వ్యవహారములు చూచు కార్యాలయమున ఉద్యోగము చేయుచు ఆ పిరేయస్‌లోనే ఏండ్ల తరబడి కాపురమున్న నేను ఆ ఉక్కునౌకలను నిందింపజాలను; దీవులలోని వృద్ధులకు మందులును, బడిపిల్లలకు పుస్తకములును వాని మూలముననే అందుచున్నవి. అయినను ఏజియన్ సముద్రమును నిజముగా ఎఱుగగోరువాడు ఒక్క దినమైనను కొయ్యతో కట్టిన చిన్ననావలో, పదిమంది తోడివారితో, నీటికి బారెడు దూరమున కూర్చుండి ప్రయాణము చేయవలెనని నా దృఢవిశ్వాసము. ఆ విశ్వాసము నాకు మీలోస్ ద్వీపమున కలిగినది.

మీలోస్ సైక్లడీస్ ద్వీపమాలికకు నైరృతి కొనయందు నిలిచిన అగ్నిపర్వత ద్వీపము. లూవ్ర్ ప్రదర్శనశాలలో చేతులు లేకయు చూపరుల చూపులను కట్టివేయు పాలరాతి దేవత 1820వ సంవత్సరమున ఇచ్చటనే బయల్పడినదని లోకమెల్ల ఎఱుగును. ఆ శిల్పముకంటె ఎన్నో వేల యేండ్లు పూర్వమైన కీర్తి యొకటి ఈ దీవికి కలదు. అగ్నిపర్వతపు లావా వేగముగా చల్లారినపుడు ఏర్పడునదియు, పగులగొట్టినచో కత్తికంటె వాడియగు అంచు నిచ్చునదియు నగు నల్లని గాజురాయి ఇచ్చట సమృద్ధిగా దొరకును. ప్రధానభూమిపై ఆర్గోలిస్ తీరమున నున్న ఫ్రాంఖ్తి గుహను పురాతత్త్వజ్ఞులు త్రవ్వగా, సుమారు 13,000 సంవత్సరముల నాటి పొరలలో మీలోస్ రాతి పెచ్చులు కనబడినవి. లోహమన నేమో తెలియని మానవుడు, విత్తనము నాటుటయైనను నేర్వని నాడు, కెరటములను దాటి వచ్చిన ఆ రాతిని చేతబట్టి పనిచేసినాడన్నమాట. ఏ తెప్పమీద వచ్చెనో, ఏ నావమీద వచ్చెనో, ఆ కొయ్య ఏనాడో మట్టిలో కలిసినది. అది వచ్చెననుటకు మాత్రము రాయి సాక్ష్యము పలుకుచున్నది. ఈ జలములలో నావను కట్టు విద్య నాగలి పట్టు విద్యకంటె వయస్సున పెద్దది.

మేమెక్కిన నావ త్రెహందీరి యను జాతిది. ముందు కొనవలెనే వెనుక కొనయు సన్నగా తీర్చబడియుండుట ఆ జాతికి లక్షణము. అదామాస్ రేవులో ఇరుప్రక్కల మెఱయు తెల్లని ఫైబరు పడవల నడుమ, నీలిరంగు పట్టీ వేసిన ఆ నావ తన గుండ్రని ప్రక్కలతో, ఎత్తైన ముక్కుతో, ఏ తొందరయు లేక త్రాటికి కట్టుబడియుండెను. సరంగు అరువది దాటిన వాడు. తోడుగా అతని మేనల్లుడు. యాత్రికులలో థెస్సలొనీకి నుండి వచ్చిన ఉపాధ్యాయ దంపతులును, ఒక ఫ్రెంచి కుటుంబమును, మేమును, మఱి యిరువురు ముగ్గురును. నావకు చుక్కాని చక్రము లేదు. చుక్కాని తలకు తొడిగిన వంపుకఱ్ఱ యొకటి వెనుక కొననుండి లోపలికి చాచుకొనియుండగా, సరంగు దానిని తొడకు ఆనించుకొని నిలుచుండి, రెండు చేతులతో కాఫీ లోటా పట్టుకొనియు, నడుమును ఇటునటు కొద్దిగా కదల్చుటచేతనే నావను నడపుచుండెను. నీటి యొత్తిడి ఆ కఱ్ఱగుండ తొడకు తెలియును. తొడ యిచ్చు జవాబు ఆ కఱ్ఱగుండ నీటికి తెలియును. నడుమ యంత్రమేదియు లేదు.

మీలోస్ నడుమకు చొచ్చుకొని వచ్చిన విశాలమైన అఖాతమును దాటి పోవునపుడు కుడిచేతి యొడ్డున క్లీమా పల్లె కనబడినది. ఆ పల్లెలో ఇండ్లకును సముద్రమునకును నడుమ వీధి నామమాత్రమే. రాతిని తొలిచి చేసిన క్రింది యరలలో చలికాలమున నావలుండును, పై యంతస్తున మనుష్యులుందురు. ఎఱుపు, పచ్చ, నీలి రంగుల పెద్దతలుపులను గాలిదినములలో అలలు వచ్చి తాకును. ఇల్లు కట్టుకొనునపుడు మొదట నావకు చోటు చూచి, పిదప తమకు చూచుకొన్న జనులు వారు. అఖాతపు ముఖద్వారము దాటగానే ఉత్తరపు గాలి యెదురైనది. జూలై, ఆగస్టు మాసములలో మెల్తెమి యను పేర దినముల తరబడి ఉద్ధృతముగా వీచు ఈ గాలి జూన్ నెలలో కొంత శాంతముగా నుండును. మేము పడమటి తీరము ననుసరించి దక్షిణమునకు తిరుగగా అలలు మమ్ము వెన్నంటినవి. అప్పుడుగాని ఆ సన్నని వెనుక కొన ప్రయోజనము నాకు బోధపడలేదు: తఱుముకొని వచ్చిన ప్రతి కెరటమును, బల్లపరుపు వెనుకభాగమున్నచో దానిని బాది నావను ప్రక్కకు త్రిప్పివేయవలసినది, ఆ కొనను తాకి రెండు పాయలై చీలి, నావను మెల్లగా పైకెత్తి, ముందునకు దించి సాగిపోవుచుండెను.

పైకప్పు కూలి ఆకాశమునకు తెరచుకొన్న సికియా గుహను చూచుకొని, దీవికి నైరృతి మూలనున్న క్లెఫ్తికో చేరితిమి. ఒకప్పుడు సముద్రపు దొంగలకు ఆశ్రయమైన ఆ చోటికి నావలో పోవలెను, లేదా కొండదారిని కాలినడకను పోవలెను. బండి పోవు బాట లేదు. పాలవన్నె బూడిదరాతి శిఖరములు నీటినుండి నిటారుగా లేచి, నడుమ తోరణములుగా తొలుచుకొని యుండును. ఉత్తరపు గాలిని కొండ అడ్డుకొనుటచే నీరు నిశ్చలము; లంగరు త్రాడు అడుగు ముట్టువఱకు కనబడెను. కొందఱు ఈదిరి, కొందఱు ముసుగద్దములు పెట్టుకొని చేపలను చూచిరి. సరంగు మేనల్లుడు ఎండిన బార్లీరొట్టెను నీటితో తడిపి, దానిమీద టమాటా ముక్కలు, మేకపాల జున్ను, కొండగోడలలో మొలచు కేపరు మొగ్గల ఊరగాయ వేసి, ఆలివు నూనె పోసి అందఱికి పెట్టెను. పదిమంది గనుకనే పేరు పేరున అడిగి పెట్టుట సాధ్యమైనది. పదిమంది గనుకనే భోజనానంతరము నా కోరికపై సరంగు అడుగుపలక నొకదానిని పైకెత్తి నావ లోపలిభాగమును చూపుటయు సాధ్యమైనది.

“వంగి చేయి పెట్టి చూడుడు” అని ఆయన నా చేతిని వంపుకొయ్యల మీదికి నడిపించెను. ఆ కొయ్య సామోస్ ద్వీపపు పైను జాతి వృక్షమునుండి వచ్చినది. దానిలో జిగురు మెండు గనుక తొందరగా చివుకదు. ఏండ్లు గడచినను పలక ఎత్తిన వెంటనే వెడలిన ఆ జిగురు వాసన మా యింటి సాంబ్రాణి పొగవలె నన్ను చుట్టుకొన్నది. తిన్నని మ్రానును కోసి వంచుట కాదట. వంగి పెరిగిన మ్రానును అడవిలోనే ఏరి, ఏ కొమ్మ ఏ వంపునకు సరిపడునో చూచి తెచ్చుకొనుటయట. కాగితముమీద గీసిన పటము లేదు. నడిమి వంపునకు చేసిన ఒక్క అచ్చును, గుర్తులు పెట్టిన బద్దలను జరుపుకొనుచు, దానినుండియే ముందు వెనుకల వంపులన్నింటిని వడ్రంగి రాబట్టును. పలకల సందులలో పత్తిపోగులను ఇనుపపనిముట్టుతో కొట్టి బిగించి, పైన లప్పము పూయుదురు. ఏటేట నావను ఒడ్డునకు లాగి, గీకి, రంగు వేయవలెను. ఆరిన కొయ్య మరల నీరు త్రాగి ఉబ్బి తన సందులను తానే మూసికొనును. ఆ సందులలో ఒకదాని వెంబడి నేను వ్రేలు పోనిచ్చితిని: పలకకును పలకకును నడుమ గోరు దూరు ఎడమైనను లేదు.

ఇట్టి నావలు పదివేలకు పైగా ఈ దేశమున ప్రభుత్వానుమతితో ముక్కలు చేయబడినవి. 1990 దశకమునుండి ఐరోపా సమాజము సముద్రములో క్షీణించుచున్న మత్స్యసంపదను కాపాడుటకై చేపల వేటను తగ్గింప దలచి, అనుమతిపత్రమును తిరిగి యిచ్చి నావను ధ్వంసము చేసిన జాలరికి పరిహారధనము ఇచ్చు పద్ధతిని అమలు జరిపెను. ఉద్దేశము మంచిదే, చేప లేని సముద్రము జాలరికి మాత్రము ఏమి యిచ్చును? కాని వేట మానుటకు నావను చంపనక్కఱలేదు. అనుమతిని తీసికొని నావను విడిచిపెట్టియుండవచ్చును. అట్లుగాక, తాత కట్టించిన నావను మనుమడు రేవునకు తెచ్చి నిలుపగా, మన్ను త్రవ్వు యంత్రము దానిపై ఇనుపచేతిని దించుట ఎన్నో దీవులలో జరిగినది. తరువాత 2014 నాటి ఐరోపా నిబంధన కొయ్యనావలను పగులగొట్టకయే పరిహారము పొందుటకు వీలు కల్పించెను గాని, అవి నేలమీద వారసత్వ వస్తువులుగా నిలువవలెనన్నది. నేలమీద నిలిచిన కొయ్యనావ ఎండకు పగులును. దానికి ఆరోగ్యము నీటిలోనే యున్నది. మా సరంగు తన తండ్రి నావను అప్పగింప నిరాకరించి, వేట మాని, యాత్రికుల నెక్కించుకొనుటకు దానిని మార్చుకొనెను. ఆయన ఆ సంగతిని గొప్పగాగాని దుఃఖముగాగాని చెప్పలేదు. “దీనిని కట్టినవాడు ఇప్పుడు లేడు, మఱల నెవ్వనిచేత కట్టింతును?” అని మాత్రము అనెను.

ఆ మాట నన్ను ఈనాటికిని విడువలేదు. యాత్రికుడు ఇచ్చు రుసుముచేత నావ ఏటేట ఒడ్డున కెక్కుచున్నది, పత్తి మార్చబడుచున్నది, రంగు పూయబడుచున్నది. ఇది చిన్న మేలు కాదు. ఈ దినవిహారములే లేకున్నచో మిగిలిన నావలలో సగమైనను నేడు తేలుచుండెడివి కావని నా యూహ. అయినను మరమ్మతు వేఱు, నిర్మాణము వేఱు. పాతనావకు పలక మార్చు కుఱ్ఱవాడు పలక మార్చుటనే నేర్చును. అడవిలో వంపు మ్రానును గుర్తించుట, ఒక్క అచ్చునుండి నావ నంతటిని పుట్టించుట, క్రొత్తనావను మొదటినుండి కట్టినచోటనేగాని అబ్బవు. గ్రీసు ప్రభుత్వము కొయ్యనావల నిర్మాణమును తన అమూర్త వారసత్వ సంపదలలో చేర్చి గౌరవించినది. గౌరవము వలసినదే, కాని జాబితాలోని విద్య చేతిలోనికి దిగవలెనన్నచో వడ్రంగికి పని కావలెను. విద్య వాడుకయందు బ్రదుకును. వాడుక తప్పిననాడు అది చరిత్ర యగును.

కాకినాడ తీరమున పెరిగిన నాకు ఈ సంగతి పరదేశపు సంగతిగా తోచలేదు. మా తాళ్లరేవు, కోరంగి ప్రాంతముల వడ్రంగులు సముద్రము మీద తిరుగు కొయ్యయోడలను కట్టి పేరుగన్నవారు. 1839 నాటి తుపాను కోరంగిని ముంచివేసిన తరువాత కూడ ఆ చేతులు ఆ పని మఱువలేదు. నేడు మన తీరమునను తెప్పల స్థానమును ఫైబరు పడవలు ఆక్రమించినవి. ఇరుదేశముల నడుమ బంధమును క్రొత్తగా కల్పింపనక్కఱలేదు: క్రీస్తుశకము మొదటి శతాబ్దిలో పేరు తెలియని యొక వర్తకుడు గ్రీకు భాషలో వ్రాసిన ఎరిత్రియన్ సముద్ర యాత్రావివరణమున మసలియా తీరమును, అచ్చట నేయు సన్నని వస్త్రములను పేర్కొన్నాడు, ఆ మసలియా మన మచిలీపట్టణపు సీమయే. ఆ నూలు బట్టలు గాలిలో తేలి పశ్చిమమునకు పోలేదు. ఏ వడ్రంగి చేతులో కట్టిన ఏ కొయ్యయోడలలోనో పోయినవి.

ఎండకాలమున గ్రీసునకు వచ్చు తెలుగువారికి నా విన్నప మొక్కటే. నావ ఎక్కుటకు ముందు రుసుమెంత, భోజన మేమి యని అడుగుటతో ఆగక, ఇది కొయ్యనావయేనా, ఏ దీవిలో కట్టిరి, ఎవరు కట్టిరి అని కూడ అడుగుడు. జవాబు చెప్పునపుడు సరంగు ముఖమే చెప్పును, మీరడిగినది ఎంత విలువగల ప్రశ్నయో. వందమందిని క్రుక్కుకొని పోవు పడవకంటె పదిమందిని తీసికొనిపోవు కొయ్యనావకు కొంత యెక్కువ చెల్లింపవలసివచ్చును, చెల్లింపుడు. ఆ యెక్కువ సొమ్ము పత్తికిని, రంగునకును, వడ్రంగి కూలికిని పోవును. కొయ్యనావనే కోరి వచ్చువారు ఏటేట పెరుగుచున్నారని తేటపడినగాని, ఏ యజమానియు సామోస్ వడ్రంగికి క్రొత్తనావ కొఱకు బయానా ఇచ్చుటకు సాహసింపడు.