లోలా పాడిన జోలపాట

లోలా మనిషి కాదు. యమహా సంస్థ రూపొందించిన ‘వోకలాయిడ్’ అనే విధానంతో, బ్రిటనులోని జీరో-జీ సంస్థ 2004లో విడుదల చేసిన కంప్యూటరు గాయని. ఆమెతోపాటు లియాన్ అనే పురుషకంఠం కూడా వెలువడింది. మనుష్యులచేత పలికించి రికార్డు చేసిన ధ్వనుల ముక్కలను, మనం ఇచ్చిన స్వరానికీ సాహిత్యానికీ తగినట్లు అతికి పాడించడమే ఈ విధానంలోని కిటుకు.

ఇటువంటి గాయనికి రాయపూర్‌లోని ఒక తెలుగు ఇంట పని తగిలింది. మా అమ్మ తన తల్లివద్ద నేర్చిన జోలపాటను వంటింట్లో కూనిరాగం తీసేదేగాని, టేపురికార్డరు ముందు నోరు విప్పేది కాదు. మా తమ్ముడు 2006లో ఆ వరుసను చెవితో పట్టి, స్వరం వెనుక స్వరం పేర్చి, లోలాచేత పాడించాడు.

లోలాకు వచ్చినది ఇంగ్లీషు ఒక్కటే. ఆ భాషలో ‘ళ’కారం లేదు. ‘కళ్ళు’ అన్నచోట ‘కల్లు’ అన్నది. పసిబిడ్డను నిద్రపుచ్చే పాటలో కల్లు ప్రసక్తి వచ్చినందుకు అమ్మ పొట్ట చెక్కలయ్యేలా నవ్వింది. అనువాదం వృత్తిగా గల నాకు మాత్రం అది వింతగా తోచలేదు. లేని మాటకు దగ్గరి మాటతో సరిపెట్టుకోవడం మాకు నిత్యకృత్యమే కదా!

అమ్మ 2012లో గతించింది. ఆ వరుస తమ్ముడి ఫైలులో మాత్రమే మిగిలింది. కిందటి సంవత్సరం అతడు కొత్త కంప్యూటరు కొని ఆ ఫైలు తెరిస్తే, లోలా పలకలేదు.

కారణం సామాన్యమైనదే. ఆనాటి ప్లగిన్ 32 బిట్లది. నేటి సంగీత సాఫ్ట్‌వేర్ 64 బిట్లది. ఒకదానిని మరొకటి నేరుగా నడపలేదు. ఆపిల్ సంస్థ 2019లో మాక్ కంప్యూటర్లలో 32 బిట్ల ప్రోగ్రాములకు పూర్తిగా తలుపు మూసింది. విండోస్‌లో ఇంకా దారి ఉన్నది. ‘బ్రిడ్జి’ అనే చిన్న ప్రోగ్రాము రెండింటి నడుమ నిలిచి, దుబాసీవలె ఇటు మాట అటూ, అటు మాట ఇటూ చేరవేస్తుంది. అదీ పొసగకపోతే కొత్త కంప్యూటరు లోపలే పాత విండోస్‌ను వేరుగా నెలకొల్పుకోవచ్చును.

మూడు రాత్రులు కుస్తీ పట్టిన తరువాత ఆ దుబాసీ సాయంతో లోలా గొంతు విప్పింది. తమ్ముడు అంతటితో తృప్తిపడ్డాడు. నేను ఊరుకోలేదు. దుబాసీకి మాత్రం కాలం చెల్లదా? రేపటి విండోస్ ఈ వంతెనను మోయకపోవచ్చు. లైసెన్సు సరిచూసే సర్వరు మూతపడవచ్చు. అందుచేత వాద్యాలేమీ లేకుండా లోలా కంఠాన్ని మామూలు ఆడియో ఫైలుగా రికార్డు చేయించాను. పాటను స్వరాలతో సహా నోటుపుస్తకంలో వ్రాయించాను. ఇప్పుడు తమ్ముడి కూతురు దానిని చూసి నేర్చుకుంటున్నది.

పందొమ్మిదవ శతాబ్దంలో సి.పి. బ్రౌన్ పండితులను నియమించి, తాళపత్రాలలోని తెలుగు కావ్యాలకు ప్రతులు వ్రాయించాడు. ఆకు శిథిలమయ్యేలోగా ప్రతి తీయించడమే ఆ పనిలోని వివేకం. తాటాకు చెదలు పట్టినప్పుడు కంటికి కనబడుతుంది. కంప్యూటరు ఫైలు ఏ మచ్చా లేకుండా ఉండి కూడా ఒకనాడు తెరుచుకోదు. కనుక ప్రతి తీయవలసినది అది తెరుచుకుంటున్న రోజులలోనే.