పదకొండు నెలల కాగితం

మా తాతగారి సర్వీసు పుస్తకం ఇప్పటికీ మా చెక్కపెట్టెలో భద్రంగా ఉన్నది. ఆయన నాందేడు జిల్లాలో తహసీలు కచేరీ గుమాస్తా. నిజాం కాలంలో కొలువులో చేరారు. 1948లో ఆ పాలన పోయింది. 1956 నవంబరు 1న జిల్లా బొంబాయి రాష్ట్రంలో కలిసింది, 1960 మే 1న మహారాష్ట్ర అయింది. సర్కార్లు మారాయి, కచేరీ భాష మారింది గాని తాతగారి కొలువు ఒక్కరోజు తెగలేదు. రాష్ట్రాల పునర్వ్యవస్థీకరణ చట్టం 115వ సెక్షను అటువంటివారి సేవా నిబంధనలను, కేంద్రం ముందుగా ఒప్పుకొంటే తప్ప, వారికి నష్టం కలిగేలా మార్చరాదన్నది.

ఆ పెట్టెమీదనే మా అమ్మాయి కాగితాల సంచి. ఆమె సర్కారు ఆరోగ్య పథకంలో కాంట్రాక్టు నర్సు. సంచిలో ఎనిమిది ఆర్డర్లున్నవి, ఒక్కొక్కటి పదకొండు నెలలకు. నడుమ ఒకటి రెండు రోజుల విరామం, మళ్ళీ అదే పల్లె, అదే టీకాల పెట్టె. తొమ్మిదో ఆర్డరు రాలేదు. తప్పు చేశావని ఎవరూ అనలేదు. జాబితాలో పేరు లేదన్నారు, అంతే. నెల తిరక్కుండానే అదే పనికి మళ్ళీ కాంట్రాక్టు మీదనే మనుషులు కావాలని ప్రకటన వచ్చింది.

ఇంట్లో మాకు మాకే వాదన పడింది. “పర్మనెంటు అడగనని స్టాంపు కాగితం మీద సంతకం పెట్టింది గదా, ఇంక కోర్టేమిటి?” అన్నారు మా పెద్దన్నగారు. మాకూ అదే న్యాయంగా తోచింది. అమ్మాయి మాత్రం, “నేను పర్మనెంటు అడగడం లేదు పెదనాన్నా. నన్నెందుకు తీశారో చెప్పమంటున్నాను” అన్నది. దానికి మా దగ్గర జవాబు లేకపోయింది.

వకీలుగారు ఆశ పెట్టలేదు, దాచనూ లేదు. గడువు తీరిన ఒప్పందాన్ని పొడిగించకపోవడం రిట్రెంచ్‌మెంటు కాదని 1984లో పారిశ్రామిక వివాదాల చట్టంలో చేర్చారట. కాంట్రాక్టువారికి ఖాయం ఉద్యోగం హక్కు కాదని 2006 ఏప్రిల్ 10న ఉమాదేవి కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం తీర్పు చెప్పింది. మంజూరైన పోస్టులలో పదేళ్ళు పనిచేసినవారికి మాత్రం ఒక్కసారికి మినహాయింపు చూపింది. అయితే ఒక తాత్కాలికుణ్ణి తీసి ఇంకొక తాత్కాలికుణ్ణి పెట్టరాదని 1992లో పియారా సింగ్ కేసులో అదే కోర్టు అన్నది. 2024 డిసెంబరులో జగ్గో కేసులో, ఏళ్ళ తరబడి నిత్యం అవసరమైన పని చేయించుకొని, ఉమాదేవి తీర్పును అడ్డం పెట్టుకొని మనిషిని పంపివేయడం తగదన్నది.

చిక్కంతా ఆ పదేళ్ళ గడప దగ్గరనే ఉన్నది. జాతీయ ఆరోగ్య మిషన్ కాంట్రాక్టు సిబ్బందిలో పదేళ్ళు నిండినవారిని ఖాయం పోస్టులలోకి తీసుకొంటామని 2024 మార్చిలో మహారాష్ట్ర ప్రభుత్వం తీర్మానించింది. దాన్ని అమలుపరచమని 2025 ఆగస్టులో సిబ్బంది సమ్మె చేశారు. మా అమ్మాయి లెక్క ఏడున్నరేళ్ళకు కూడా అందదు. గడప చేరేలోగా దారి మూసుకుంటే, ఆ తీర్మానం ఆమెకు పక్కింటి విందే గదా!

మొన్న తండా నుంచి ఒక నిండుచూలాలు మా గుమ్మానికి వచ్చింది. “సిస్టర్, కేంద్రంలో మీరు కనబడటం లేదేమి?” అని అడిగింది. అమ్మాయి ఆమెను కూర్చోబెట్టి, మంచినీళ్ళిచ్చి, కాళ్ళవాపు చూసి, వెంటనే ఆసుపత్రికి పొమ్మని పంపింది. తరువాత లోపలికి వెళ్ళి సంచి తెచ్చి మా ముందు పెట్టింది.

ఔరంగాబాదు హైకోర్టు బెంచిలో రిట్ వేశాము. ఇంకా తేలలేదు. ఏమవుతుందో చెప్పలేము. మన ఇళ్ళలో ఇట్లాంటి కొలువు చేసే పిల్లలుంటే ప్రతి ఆర్డరూ, హాజరు పట్టీ నకలూ, జీతం జమ అయిన బ్యాంకు పుస్తకమూ దాచమనండి. వకీలుగారు మొదట అడిగినవి అవే.

అమ్మాయి కాగితాలను ఇప్పుడు సంచిలోంచి తీసి, తాతగారి పుస్తకం పక్కనే పెట్టాము.