వగరు విరిగే వేళ

పాతబడేకొద్దీ వైను రుచి పెరుగుతుందన్న మాట వైను ముట్టనివారి నోట కూడా వినిపిస్తుంది. స్నేహాన్నీ, సంగీతాన్నీ దానితో పోల్చడం మనకు అలవాటు. పోలిక అందమైనదే గానీ అందులో నిజం పాలు తక్కువ. లోకంలో తయారయ్యే వైనులో అత్యధిక భాగం కొద్ది సంవత్సరాలలోనే తాగివేయడానికి ఉద్దేశించినది. ఫ్రాన్సులోని బోజొలే ప్రాంతపు కొత్త వైను ఏటా నవంబరు మూడవ గురువారం నాడు విడుదలవుతుంది. అది ఆ ఏటి పంటే. కొన్ని నెలలు గడిస్తే దాని సొగసు తరిగిపోతుంది. మూడోనాడు తిరగకలిపిన కొత్తావకాయకు వేడన్నంలో ఉండే అందం, మరుసటి వేసవికి జాడీ అడుగున మిగిలిన ముక్కకు ఉండదు కదా!

మరి నిలవ ఉంచదగినది ఏది? కాలాన్ని తట్టుకునే బలం ఏదో ఒకటి దానిలో పుట్టుకతో ఉండాలి. బోర్దో ఎర్రవైనుకు ఆ బలం వగరు. జర్మనీ రీస్లింగుకు పులుపు. సోటెర్న్ వైనుకు పులుపుతో పాటు తీపి. పోర్టుకు తీపితో పాటు అదనంగా కలిపిన మద్యసారం. ద్రాక్షతొక్కలలో, గింజలలో ఉండే టానిన్లే ఆ వగరుకు మూలం. ఏళ్ళు గడిచేకొద్దీ అవి ఒకదానితో ఒకటి అల్లుకుని, కొంత మడ్డిగా అడుగుకు దిగుతాయి. పండువాసన వెనక్కు తగ్గి, ఆకులు, మట్టి, తోలు వంటి పరిమళాలు ముందుకు వస్తాయి. వగరు విరిగే సమయానికి పండు ఇంకా మిగిలి ఉండాలి. కిటుకంతా అక్కడే ఉంది.

ఈ సంగతులు నాకు నేర్పినవారు శాన్ హోసేలో మా పొరుగున ఉండే విశ్రాంత రసాయనశాస్త్ర ఉపాధ్యాయులు. 2005 బోర్దోలో ఎంతో పేరుపొందిన పంట. ఆ ఏటి వైను పన్నెండు సీసాలను ఆయన 2008లో కొని, పదమూడు డిగ్రీల చల్లదనంలో, చీకటిలో, బిరడా ఎండిపోకుండా పడుకోబెట్టి ఉంచారు. ఒకటి రెండేళ్ళకొకసారి ఒక సీసా తెరిచి, నన్ను పిలిచి, రుచిని నోటుపుస్తకంలో రాసేవారు. 2010లో పచ్చివక్క నమిలినట్టు నాలుక పిడచకట్టింది. 2013లో వాసనే లేదు. వైనుప్రియులు దీనిని మూగదశ అంటారట. 2017లో గొంతు విప్పింది. 2022లో గ్లాసు ముక్కు దగ్గరకు తీసుకోగానే, గుంటూరు జిల్లాలో పొగాకు బ్యారన్ల పక్కన పెరిగిన నాకు చిన్ననాటి ఊరి గాలి తగిలింది. ఆ మాట చెబితే ఆయన ఎంతో మురిసి, నా వాక్యాన్ని యథాతథంగా రాసుకున్నారు.

సరైన వేళను ముందే చెప్పగల నిపుణులు లేరా అంటే, ఉన్నారు, పొరబడుతూనూ ఉన్నారు. 1976 మే 24న పారిస్‌లో జరిగిన పోటీలో కాలిఫోర్నియా వైన్లు గెలిచినప్పుడు, అవి ఫ్రెంచి వైన్లలా కాలానికి నిలవవని కొందరు పెదవి విరిచారు. సరిగ్గా ముప్పైయేళ్ళకు, 2006లో, అవే ఎర్రవైన్లను మళ్ళీ రుచి చూశారు. మా ఊరికి చేరువలోని కొండమీద పండిన 1971నాటి రిడ్జ్ మాంటె బెల్లో మొదట నిలిచింది. మరోవైపు, చిరకాలం బతుకుతాయనుకున్న 1990ల చివరి బర్గండీ తెల్లవైన్లు అనేకం, కోసి ఉంచిన ఆపిల్ ముక్కలా అకాలంలోనే గోధుమరంగుకు తిరిగాయి.

ఇప్పుడు ఆయన పెట్టెలో మిగిలినవి రెండు సీసాలు. మరో పదేళ్ళు హాయిగా నిలుస్తాయని పుస్తకాల అంచనా. ఆయనకు ఎనభైమూడేళ్ళు. అనారోగ్యానికి చేయించుకున్న చికిత్స తరువాత వాసన పసిగట్టే శక్తి నెలనెలకూ సన్నగిల్లుతోంది. మొన్న కాఫీగింజల డబ్బా మూత తీసి ముక్కు దగ్గర చాలాసేపు పెట్టుకున్నారు. ఏమీ అనలేదు. తరువాత, "ఆ రెండూ నువ్వు తీసుకుపో, వాటికి ఇంకా వయసుంది" అన్నారు.

వైనుకు వయసుంది, నిజమే. కానీ సీసామీద ముద్రించిన సంవత్సరం పంటది మాత్రమే. తాగేవారి లెక్క అందులో లేదు. పదేళ్ళ తరువాత ఆ వైను శిఖరానికి చేరినా, నోటుపుస్తకంలో రాసే చేయి పక్కన లేకపోతే ఆ శిఖరం నాకెందుకు? వచ్చే ఆదివారమే ఒకటి తెరుద్దామన్నాను. ఆయనకు అందినంత ఆయన, మిగిలినది నేను చెప్పగా ఆయన రాయాలి. కాసేపు ఆలోచించి, సీసాను ముందురోజే నిటారుగా నిలబెట్టమన్నారు, మడ్డి అడుగుకు దిగడానికి.

రెండవ సీసా సంగతి ఆ తరువాత. దానికి తొందర లేదు; మాకు ఉంది.