స్వభావోక్తి - దీపా ధన్‌రాజ్ చిత్రాలు

అలంకారశాస్త్రంతో పరిచయమున్న మిత్రులకు స్వభావోక్తిని గురించి చెప్పనక్కరలేదు. ఉన్నదానిని ఉన్నట్లు, కన్నులకు కట్టేట్లు చెప్పడమే అది. దండి దానికి అలంకారాలలో అగ్రస్థానమిచ్చాడు. కుంతకుడు ఒప్పుకోలేదు. స్వభావమన్నది అలంకరింపదగిన శరీరమే గాని అలంకార మెట్లా అవుతుందని అతని ఆక్షేపణ. దీపా ధన్‌రాజ్ డాక్యుమెంటరీలు చూసినప్పుడు ఈ పాత వివాదమే నాకు స్ఫురించింది.

ఈమె 1980లో మరి ముగ్గురితో కలసి 'యుగాంతర్' బృందాన్ని నెలకొల్పారు. పుణె పనిమనుషులు, నిపాణి పొగాకు కార్మిక స్త్రీలు వారి తొలి చిత్రాలకు వస్తువు. హైదరాబాదు స్త్రీశక్తి సంఘటనతో కలసి 1983లో తెలుగులో 'ఇది కథ మాత్రమేనా' తీశారు. 1991 నాటి 'సమ్‌థింగ్ లైక్ ఎ వార్' కుటుంబ నియంత్రణను గురించినది. అందులో ఒక వైద్యుడు తాను ఎంత వేగంగా శస్త్రచికిత్సలు చేస్తాడో సగర్వంగా చెబుతాడు. కెమెరా అతణ్ణి నిందించదు, చూస్తూ ఉంటుంది. మరొకచోట స్త్రీలు గుమికూడి తమ దేహాలను గురించి తామే మాట్లాడుకుంటారు. ఆ రెండింటినీ ఒకే చిత్రంలో నిలపడంలోనే తీర్పు ఉన్నది.

నన్ను ఎక్కువగా కదిలించినది 1986లో వచ్చిన 'క్యా హువా ఇస్ షహర్ కో'. 1984 ఆగస్టు 16న రామారావుగారిని పదవినుంచి తొలగించారు. సెప్టెంబరు 16న ఆయన తిరిగి ముఖ్యమంత్రి అయ్యారు. నిమ్మకూరు మా జిల్లాలోనిదే గనుక మోపిదేవిలో మాకు అది మా ఇంటివాడి గెలుపు. రేడియో వార్తలకోసం చెవులు రిక్కించుకుని కూర్చున్న నెల అది. ఆ ఏడే హైదరాబాదు పాతబస్తీ మతకల్లోలాలతో, కర్ఫ్యూతో అల్లాడింది. ఈ చిత్రం ఆ వీథులలో నిలబడి చూస్తుంది. ఊరేగింపులు, నాయకుల ఉపన్యాసాలు ఒకవైపు. పనికి పోలేక తలుపులు మూసుకున్న బీదల ఇళ్ళు మరొకవైపు. ఒకే కాలానికి రెండు ముఖాలు. బెర్లిన్‌లోని ఆర్సెనల్ సంస్థ 2013లో ఈ చిత్రాన్ని పునరుద్ధరించింది.

కుంతకుడికి నేనైతే ఇట్లా సమాధానం చెబుతాను. స్వభావం అందరికీ కనబడేదే కావచ్చు. ఎక్కడ నిలబడి చూడాలి, ఎంతసేపు చూడాలి, దేని ప్రక్కన దేనిని ఉంచాలి అన్నది మాత్రం కవి ఎంచుకోవలసినదే. సింహాసనం ఎవరిదన్న కథ చెప్పడానికి చరిత్రకారులకు కొదవ లేదు. కర్ఫ్యూలో పొయ్యి వెలగని ఇంటి ముందు ఆగి చూసేవారు అరుదు. ఆ ఆగడమే ఇక్కడ అలంకారం.